మఱచినవాని ధనము

ధనమునకు మూడు గతులని మన పెద్దలు చెప్పిరి: దానము, భోగము, నాశము. ఈ కాలమున నాలుగవ గతి యొకటి పుట్టినది. ధనము దొంగల పాలు గాలేదు, అగ్నికి ఆహుతి గాలేదు, వ్యయమై పోలేదు. ఉన్నచోటనే యున్నది. ఎంత యున్నదో లోకములో నెవ్వరైనను చూడవచ్చును. కాని దాని యజమానుడు మాత్రము దానిని ముట్టజాలడు. ఏలయన, అతడొక మాట మఱచినాడు.

ఇట్టివాని నొకనిని నేనెఱుగుదును. అతడు నాయొద్ద చదువుకొన్నవాడు. విశాఖపట్టణపు ఫిషింగ్ హార్బరులో బోటు గలిగిన కుటుంబమున బుట్టి, ఇంజనీరింగు చదివి, ఇప్పుడు నగరములో ఉద్యోగము చేయుచున్నాడు. తూర్పు తీరమున ఏటేట ఏప్రిల్ 15 మొదలు జూన్ 14 వఱకు 61 దినములు మరబోట్లు వేటకు బోరాదని నిషేధము గలదు. ఆ దినములలో హార్బరు చూడదగినది. తెల్లవాఱుజామున వేలముపాటలతో, మంచుగడ్డలు పగులగొట్టు చప్పుడుతో, గంపల త్రోపులాటతో క్రిక్కిఱిసి యుండు జెట్టీలు అప్పుడు సద్దుమణగి యుండును. బోట్లన్నియు ప్రక్కప్రక్కను కట్టుపడి, రంగులు పూయించుకొనుచు, యంత్రములు బాగుచేయించుకొనుచు, రోగులవలె ఓపికతో నిలిచియుండును. అట్టి యొక సాయంకాలము అతడు నన్ను వెదకికొని వచ్చి, గట్టుమీద గూర్చుండి తన గోడు చెప్పుకొనెను.

2017వ సంవత్సరమున బిట్‌కాయిను వెల నెలనెలకు మిన్నంటుచుండగా, అతడును కొంత కొనెను. ఈ నాణెము సంగతి చదువరులలో కొందఱికి తెలియకపోవచ్చును గనుక రెండు మాటలు చెప్పెదను. సతోషి నకమోతో అను మాఱుపేరు పెట్టుకొన్న యెవ్వరో 2008లో దీని విధానమును వ్రాసి ప్రకటించిరి. 2009 జనవరిలో ఇది నడవ నారంభించెను. దీనికి రాజముద్ర లేదు, ఖజానా లేదు, గుమాస్తా లేడు. ఎవరి పేర నెంత అను మాట యిందులో లేనే లేదు. ఏ తాళపుచెవికి ఎంత అనునదే యున్నది. ఆ లెక్కల పుస్తకము బహిరంగము. వేలకొలది కంప్యూటరులలో దాని ప్రతులున్నవి. తాళపుచెవి యనగా నొక మహాసంఖ్య. దానిని కంప్యూటరులో నొక సంచియందు దాచి, ఆ సంచికి పాస్‌వర్డు అను రహస్యపదమును ముడివేయుదురు. ముడి విప్పగలవాడే యజమానుడు. విప్పలేనివాడు ఎవ్వడైనను పరాయివాడే.

మా శిష్యుడు ముడివేసెను, ఉద్యోగములో బడెను, ఏండ్లు గడచెను. 2017 మొదట వేయి డాలర్ల చాయలనున్న నాణెము 2024 డిసెంబరునాటికి లక్ష డాలర్లు దాటెను. అతడు పాత కంప్యూటరు దుమ్ము దులిపి సంచిని దెఱవబోయెను. అది తెఱచుకొనలేదు.

“పూర్తిగా మఱచిపోలేదు మాస్టారూ! అదే నా బాధ. మొదట మా బోటు పేరు. చివర సంవత్సరము. నడుమ మూడంకెలు. ఇంతవఱకు తెలియును,” అనెను.

సగము జ్ఞాపకమున్నవాని బాధ పూర్తిగా మఱచినవానికి లేదు. పూర్తిగా మఱచినవాడు ఒకనాడు ఏడ్చి ఊరకుండును. సగము తెలిసినవానికి నిద్ర లేదు. వానికి మిగిలిన త్రోవ యొక్కటే: తెలిసిన తునుకల నొక జాబితాగా వ్రాసి యంత్రమున కిచ్చుట. యంత్రము ఆ తునుకలను మార్చి మార్చి కూర్చి, ఒక్కొక్క కూర్పును తాళమున బెట్టి చూచును. ఇందుకై వ్రాసిన ప్రోగ్రాములు ఉచితముగనే దొరకును. అతడును ఈ పని చేసెను. చేసినప్పుడు మన భాష చేసిన చిక్కు బయటపడినది.

తెలుగు పేరును ఇంగ్లీషు అక్షరములలో వ్రాయుటకు మన కొక కట్టుబాటు లేదు. అతని బోటు పేరు నేనిచ్చట వ్రాయరాదు. ఉదాహరణమునకు లక్ష్మీనరసింహ అనుకొందము. క్ష అను దానిని కొందఱు మూడక్షరములతో వ్రాయుదురు, కొందఱు ఎక్స్ అను నొక్క అక్షరముతో సరిపెట్టుదురు. మీ లోని దీర్ఘమును ఒకరు రెండు ఈ లతో చూపుదురు, ఒకరు ఒక్క ఐ తో ముగింతురు. నరసింహ కొందఱి చేతిలో నర్సింహ యగును. సింహలోని సున్నకు కొందఱు ఎమ్ అందురు, కొందఱు ఎన్ అందురు. ఈ నాలుగు భేదములకే పదునాఱు రూపములు. లక్ష్మీకిని నరసింహకును మొదటి యక్షరము పెద్దదో చిన్నదో యన్నచో అఱువది నాలుగు. చివరి సంవత్సరము నాలుగంకెలో రెండంకెలో యన్నచో నూట యిరువది యెనిమిది. పేరునకును అంకెలకును నడుమ చుక్కయో, గీతయో, మఱేదియు లేకయో, అయిదు విధములన్నచో ఆఱువందల నలువది. నడుమనున్న మూడంకెలకు వేయి విధములు. మొత్తము 6,40,000. పాత కంప్యూటరు సెకనుకు పది ఊహలు చూడగలదనుకొన్నను పదునెనిమిది గంటల పని. ఇంత మెల్లగా నేల చూచుననగా, ఈ జాతి సంచులలో ప్రసిద్ధమైన బిట్‌కాయిన్ కోర్ ఒక్కొక్క రహస్యపదమును కనీసము 25,000 సారులు గణితపు గానుగలో ద్రిప్పి గాని తాళపుచెవిగా నంగీకరింపదు. యజమానునికి ఒక్కసారి త్రిప్పుట శ్రమ కాదు. దొంగకు కోట్లసారులు త్రిప్పుట శ్రమ. మఱచిన యజమానుడు దొంగతో సమానముగా శ్రమపడవలసినదే. ఆ గానుగకు వారిరువురిలో భేదము తెలియదు.

పదునెనిమిది గంటలు గడచినవి. తాళము ఊడలేదు. అనగా, వ్రాయునాడు అతడు జాబితాలో లేని యొక తప్పు చేసియుండవలెను. ఎక్కడనో ఒక్క యక్షరము మాఱినదనుకొన్నను, ఇరువదినాలుగు అక్షరముల పదములో ప్రతి చోటను తొంబదినాలుగు ఇతర గుర్తులకు తావున్నది. ఊహలు నూటనలువది కోట్లకు మించును. ఆ కంప్యూటరుతో నాలుగున్నర యేండ్లు.

“నాలుగున్నర యేండ్లైన నడిపించెదను,” అనెను. ఆ మాట నాకప్పుడు పట్టుదలగా దోచినది. తరువాత మఱియొక విధముగా దోచినది; అది ముందు చెప్పెదను.

మాకు కొంచెము దూరమున నొక ముసలి సరంగు వల అల్లుచు మా మాటలు వినుచుండెను. సంచియు సంకేతమును అతనికి పట్టలేదు గాని, సగము మఱచుట యనునది పట్టినది. “మా అయ్య సెప్పిన గురుతులు మూడు బాబూ! రెండు నాకున్నాయి. మూడోది నోటికాడికొచ్చి ఆగిపోతాది,” అనెను.

నడిసముద్రమున చేప దొరకు రాతినేల కొండగుర్తు లేదు, బండగుర్తు లేదు. ఒడ్డుననున్న గుర్తులే దానికి చిరునామా. దగ్గఱి గుర్తు నొకదానిని దూరపు కొండకొమ్ముతో సరిగా వరుసబెట్టినచో సముద్రముమీద నొక గీత యేర్పడును. మఱి రెండు గుర్తులను అట్లే వరుసబెట్టినచో రెండవ గీత. రెండును ఖండించుకొన్నచోట చేప. మూడవ గుర్తు లోతు; తాడునకు గుండుకట్టి దింపి, తాను వచ్చినది సరియైన చోటో కాదో చూచుకొనుటకు. హార్బరు చేరువనే కొండలమీద వేంకటేశ్వరుని గుడియు, క్రైస్తవుల చర్చియు, మహమ్మదీయుల దర్గాయు నున్నవి. ఆవల డాల్ఫిన్ నోస్ మీద దీపస్తంభము. బెస్తవానికి ఇవి యన్నియు గుర్తులే. మతముల సామరస్యమునుగూర్చి సభలలో చెప్పువారు ఒకసారి బోటెక్కి వెనుదిరిగి ఒడ్డును చూచినచో మేలు.

ఒక గీత జ్ఞాపకముండి రెండవది మఱచినవాడు ఏమి చేయును? ఉన్న గీత వెంబడి పోవుచు, అడుగడుగునకు గుండు దింపి చూచును. మా శిష్యుని యంత్రము చేయుచున్నదియు నిదే. సముద్రమంతయు వెదకనక్కఱలేదు, గీత వెంబడి వెదకిన జాలును. కొఱత జ్ఞాపకమునకు గల విలువ యిదియే: అది చోటు చూపదు, కాని వెదకవలసిన చోటును తగ్గించును.

మన పద్యమునకును ఈ గుణమున్నది. ఉత్పలమాలలో నొక మాట మఱచినవాడు నిఘంటువంతయు వెదకడు. గణములు ఇంతకు మించి పట్టవు. రెండవ యక్షరమున ప్రాస యుండవలెను. పదియవ యక్షరమున యతి గూడవలెను. ఛందస్సే మఱపునకు కాపలా. బిట్‌కాయిను సంచులు చేయువారును తరువాత తరువాత ఈ యుపాయమునే కనుగొనిరి. రహస్యమును పండ్రెండు మామూలు మాటలుగా వ్రాసి యిత్తురు. ఆ మాటలు 2048 మాటల యొక నియత నిఘంటువునుండియే యెంచబడును. అందులో నొక్క మాట చెఱిగిపోయినచో చూడవలసినవి 2048 మాటలే. అందును పదునాఱింట ఒక్కటి మాత్రమే లెక్కకు సరిపడునట్లు కడపటి మాటలో నొక యతివంటి నియమమును పెట్టిరి. మాటలన్నియు తెలిసి వరుస మాత్రము మఱచినచో 47,90,01,600 వరుసలు. అదియు యంత్రమునకు అసాధ్యము కాదు. మా శిష్యుడు ఈ పద్ధతిని వాడలేదు. తన తెలివితో తాను కట్టిన పద్యమది. దానికి యతి లేదు, ప్రాస లేదు.

ఇప్పుడు నేనడుగదలచిన ప్రశ్న: ఈ ధనమెవరిది? సంపాదించినవానిదా, జ్ఞాపకమున్నవానిదా?

2023 నవంబరు 19వ తేది రాత్రి ఈ హార్బరులోనే అగ్నిప్రమాదము జరిగి పదులకొలది మరబోట్లు కాలిపోయినవి. తెల్లవాఱునప్పటికి కొన్నిటికి మొండెము కూడ మిగులలేదు. అయినను ఏ బోటు ఎవరిదో తెలియుటకు అడ్డము రాలేదు. రిజిస్ట్రేషను కాగితములున్నవి, ప్రక్క బోటువాడు సాక్ష్యము చెప్పును, జెట్టీలో నందఱికిని తెలియును. బోటు విలువలో 80 శాతము పరిహారముగా ఇత్తుమని ప్రభుత్వము ప్రకటించినది. వస్తువు బూడిదయైనను యాజమాన్యము నిలిచినది. బ్యాంకులోని సొమ్మును పదియేండ్లు మఱచినను, అది రిజర్వు బ్యాంకు నిధికి బోవును గాని హక్కు చావదు. వాఱసుడైనను పోయి నిరూపించుకొనవచ్చును. మా శిష్యుని విషయమున దీనికి విపరీతము. వస్తువు చెక్కుచెదరలేదు, యాజమాన్యము బూడిదయైనది.

న్యాయస్థానములు ఇది ఆస్తియే యని చెప్పుచున్నవి. 2025 అక్టోబరులో మద్రాసు హైకోర్టు అట్లు తీర్పు చెప్పెను. ఆదాయపు పన్నువారు 2022 ఏప్రిల్ 1 నుండి దీని లాభములపై నూటికి ముప్పది పుచ్చుకొనుచున్నారు. సరియే. కాని డిక్రీ చేతబట్టుకొని పోయి యెవరి వాకిట నిలుచుట? జప్తు చేయుటకు అమీనా పోదగిన యిల్లు లేదు. గణితమునకు సమను అందజేయుటకు వీలు లేదు. స్టెఫన్ టామస్ అను ప్రోగ్రామరు కథ 2021 జనవరిలో పత్రికలకెక్కినది. అతనివి 7,002 బిట్‌కాయినులు. తాళపుచెవి ఒక చిన్న పరికరములో నున్నది. ఆ పరికరము పది తప్పులనే సహించును. అప్పటికే యెనిమిది జరిగినవి. మా శిష్యుడు ఎన్నిసారులైన తప్పు చెప్పవచ్చును. ఆయనకు రెండే మిగిలినవి. ఇరువురి మఱపు నొక్కటే, శిక్షలు వేఱు. మఱియొక కథ గలదు: కెనడాలో క్వాడ్రిగా అను నాణెముల దుకాణము నడపిన జెరాల్డ్ కాటెన్ 2018 డిసెంబరులో మన జయపురమున మరణించెను. రహస్యపదము లాయనతోనే పోయినవని చెప్పగా వేలకొలది ఖాతాదారులు గోలపెట్టిరి. 2020లో అచ్చటి అధికారులు విచారించి, సొమ్ము చాలవఱకు అంతకుముందే ఆయన మోసముచే హరించుకొనిపోయినదని తేల్చిరి. మఱపును గూడ దొంగసాక్షిగా నిలుపవచ్చునన్నమాట.

ఈ నాణెమును కల్పించినవారి యూహ గొప్పదే. బ్యాంకును నమ్మకుము, సర్కారును నమ్మకుము, పొరుగువానిని నమ్మకుము. నిన్ను నీవే నమ్ముము. వినుటకు స్వాతంత్ర్యమువలె నున్నది. కాని మనుష్యుడు తనకు తాను అంత నమ్మదగినవాడా? అవధాని నూరుగురు పృచ్ఛకుల పద్యములను చివర ధారణ చేయుట మనము చూచి ముక్కున వ్రేలువేసికొందుము. ఆ జ్ఞాపకశక్తి ఏకాంతమున పెరిగినది కాదు. గురువు వినెను, సహాధ్యాయి తప్పు పట్టెను, సభ చప్పట్లు కొట్టెను. వేదమును క్రమముగను, జటగను, ఘనగను త్రిప్పి త్రిప్పి చదివించినవారు గుంపుగా గూర్చుండబెట్టి చదివించిరి. ఒకడు జాఱినచో ఇంకొకడు పట్టుకొనుటకు. ఆ సరంగు చేపల చోటును ఇతర బోట్లవారికి చచ్చినను చెప్పడు, కాని అతని అయ్య అతనికి చెప్పెను. రహస్యమునకును ఒక తోడు వలయును. రహస్యపదమో, ఎవరితోను చెప్పరాదు, ఎచ్చటను వ్రాయరాదు, నోట ననరాదు. నోట ననని మాట నాలుక మఱచును. చెవిని బడని మాట మనస్సు మఱచును. అతి భద్రముగా దాచుటయే పోగొట్టుకొనుటకు దగ్గఱిత్రోవ యైనది.

లంకెబిందెలు పాతిపెట్టి, భార్యకైన జెప్పక కన్నుమూసిన పూర్వుల కథలు విని మనము నవ్వుచుందుము. నేడును ఎన్ని యిండ్లలో మగవాడు తన అప్పులు, పొదుపులు, బీమా కాగితములు ఇల్లాలికి తెలియనిచ్చుచున్నాడు? ఆమెకు లెక్కలు రావందురు. ఈ జెట్టీలమీద గంపలు ముందిడుకొని, నలుగురు బేరగాండ్రతో నొక్కమారుగా మాటలాడుచు, కాగితము ముట్టకయే పైసలతో సహా లెక్క తేల్చు స్త్రీలను చూచినవాడెవ్వడును ఆ మాట యనడు.

మా శిష్యుని తల్లి అట్టి స్త్రీ. ఇచ్చట కథ యసలు సంగతికి వచ్చినది.

నేనతని నడిగితిని: “బోటు పేరు నీవెట్లు వ్రాసితివో బోటుమీద చూచి వ్రాసితివా, నీయంతట వ్రాసితివా?” చూచి వ్రాసినట్లే జ్ఞాపకమనెను. ఆ బోటు 2019లో ముక్కలు చేసి అమ్మివేసిరి. ఛాయాపటములు పాత సెల్లుతో పోయినవి. ఇక దాని కాగితములో? “అమ్మ పెట్టెలో నున్నవి,” అనెను. “అయిన అడుగరాదా?” అంటిని. అతడు తల వంచుకొనెను.

ఆ నాణెములు కొన్న సొమ్ము అతనిది కాదు. తల్లి చీటీ పాడి తెచ్చి, బ్యాంకులో వేయుమని యిచ్చినది. వేసితినని చెప్పెను. 2018లో వెల కూలినప్పుడు చెప్పుటకు భయము, మరల పెరిగినప్పుడు ఒక్కసారిగా చేతిలో బోసి ఆశ్చర్యపఱపవలెనని ఆశ, ఇప్పుడు సిగ్గు. కాగితమడిగినచో ఎందుకని యడుగును. ఎందుకో చెప్పినచో అంతయు చెప్పవలయును. యంత్రమును నాలుగున్నర యేండ్లు నడుపుటకు సిద్ధపడినవాడు తల్లి నొక ప్రశ్న వేయుటకు సిద్ధపడలేదు. నేను పట్టుదల యనుకొన్నది పట్టుదల కాదు.

వానిని నేను దూషింపలేదు. అడుగుటకంటె వెదకుట తేలికయని మనమందఱము ఎన్నిసారులు అనుకొనలేదు? డబ్బు తీసికొని సంచులు తెఱచిపెట్టెదమని చెప్పువారి యొద్దకు బోవుదునేమో యనికూడ అతడనెను. అట్టివారిలో నిజాయితీపరులున్నారు, వంచకులును ఉన్నారు. తాళము తీయగలవాడు సొమ్మును తీయగలడు. ముక్కుమొగము తెలియనివానికి నీ చిన్ననాటి పేర్లు, నీ యింటి యంకెలు అన్నియు అప్పగింపవలయును. అపరిచితునికి చెప్పదగినది అమ్మకు చెప్పరాదా యని మాత్రమంటిని. అతడు మాఱు పలుకలేదు. ముసలి సరంగు వలలోని ముడి పండ్లతో బిగించి, తన పని తాను చూచుకొనుచుండెను.

పది దినములకు మరల వచ్చెను. చెప్పెనట. పెట్టె తెఱచిరట. కాగితములో నున్న వ్రాత అతని జాబితాలో నున్న రూపములలో నొకటియే. దానివలన క్రొత్తగా తెలిసినది లేదు. కాని తల్లి యొక మాట చెప్పినది. రంగు వేసినవాడు ఇంగ్లీషు పేరులో నొక యక్షరము వదలివేసెనని, డబ్బు పెట్టి దిద్దించుట యెందుకని తండ్రి అట్లే యుంచెనని, ఆ యేడంతయు అదే చెప్పి నవ్వుకొనెనని. ఏ యక్షరమో ఆమె కెఱుకలేదు. ఆమెకు ఇంగ్లీషు రాదు. ఆ నవ్వు జ్ఞాపకమున్నది. ఒక్క యక్షరము మాఱినదని కాక, పేరులోనే ఒక్క యక్షరము లోపించినదని తెలిసినచో నూటనలువది కోట్లు ఒక కోటియగును. అది పండ్రెండు దినముల పని.

“అమ్మ కోపపడినదా?” అంటిని.

“కోపపడితే బాగుండును మాస్టారూ. ‘ఇన్నాళ్ళూ నువ్వొక్కడివే మోసినావేటిరా?’ అన్నది.”

యంత్రము నాలుగు దినములుగా నడచుచున్నది. తాళమింకను ఊడలేదు. జూన్ 14 అర్ధరాత్రికి బోట్లు కదలునని జెట్టీలో మంచు నింపుచున్నారు.